మిథాలీ రికార్డుల కోసమే ఆడిందా?

2025 నవంబర్ 2న నవీ ముంబైలో హర్మన్‌ప్రీత్ కెప్టెన్సీలో మన మహిళల జట్టు వన్డే ప్రపంచకప్ గెలిచింది. అప్పటి నుంచి వాట్సాప్‌లో ఒక మెసేజ్ తెగ తిరుగుతోంది: "మిథాలీ రాజ్ రికార్డుల కోసం నెమ్మదిగా ఆడింది, కెప్టెన్‌గా ఒక్క కప్పూ తేలేదు, ఆమె తప్పుకున్నాకే జట్టు బాగుపడింది." సికింద్రాబాద్‌లో ఆట నేర్చుకున్న అమ్మాయి గురించి మనవాళ్లే ఇలా ఫార్వర్డ్ చేస్తుంటే మనసు చివుక్కుమంది.

కప్పు తేలేదు, నిజమే. కానీ 2005కి ముందు మన అమ్మాయిలు ప్రపంచకప్ ఫైనల్ మెట్టే ఎక్కలేదు. ఆ ఏడాది దక్షిణాఫ్రికాలో జరిగిన సెమీస్‌లో న్యూజిలాండ్‌పై 91 నాటౌట్‌తో ఆ మెట్టు ఎక్కించింది 22 ఏళ్ల కెప్టెన్ మిథాలీ. మహిళల క్రికెట్ అప్పటికింకా బీసీసీఐ కిందికే రాలేదు. ఆ టోర్నీలో మ్యాచ్‌కి వెయ్యి రూపాయలు ఇచ్చారని తర్వాత ఆమే చెప్పింది. ఇప్పటి జట్టుకున్న వసతులతో ఆ జట్టును పోల్చడం అన్యాయం.

2017 ప్రపంచకప్‌లో ఇంగ్లండ్‌తో లార్డ్స్ ఫైనల్‌లో 229 కొట్టాల్సి ఉండగా మనవాళ్లు 191/3 దాకా వెళ్లి, మిగతా ఏడు వికెట్లూ 28 పరుగులకే పోగొట్టుకున్నారు. ఓడింది 9 పరుగుల తేడాతో. మిథాలీ 17 దగ్గర రనౌటైంది. అది దాచాల్సిన పనిలేదు, బాధగానే ఉంటుంది.

ఇక 'రికార్డుల కోసం నెమ్మదిగా' అన్న మాట. అదే టోర్నీలో న్యూజిలాండ్‌తో డెర్బీ ఊళ్లో జరిగిన మ్యాచ్ చూడండి. గెలిస్తేనే సెమీస్. 21 పరుగులకే ఓపెనర్లిద్దరూ వెనక్కి వచ్చేశారు. మిథాలీ ఒక ఎండ్ పట్టుకుని 109 చేసింది. ఆ ధైర్యంతోనే చివర్లో వేద కృష్ణమూర్తి 45 బంతుల్లో 70 బాదింది. మన స్కోరు 265, న్యూజిలాండ్ 79కే ఆలౌట్. ఆమె కుదురుగా ఆడబట్టే పక్కనున్నవాళ్లు స్వేచ్ఛగా కొట్టగలిగారు. స్ట్రైక్ రేట్ (వంద బంతులకు ఎన్ని పరుగులు) అంకె చూసి తీర్పు చెప్పేవాళ్లకు ఇది కనపడదు.

రికార్డులే కావాలనుకుంటే టెస్టులు దొరకాలిగా! 19 ఏళ్లకే టాంటన్ టెస్టులో 214 కొట్టి అప్పటి ప్రపంచ రికార్డు నెలకొల్పిన మనిషికి, ఇరవై ఏళ్లు దాటిన కెరీర్‌లో దక్కినవి 12 టెస్టులు. 2006 తర్వాత ఎనిమిదేళ్లు ఒక్కటీ లేదు. 2014లో వార్మ్‌స్లీలో ఎనిమిది మంది కొత్తవాళ్లతో దిగి ఇంగ్లండ్‌ను ఓడించింది. ఆ ఛేజింగ్‌లో కెప్టెన్ 50 నాటౌట్.

ఆమె తప్పుకున్నాకే బాగుపడిందట! హర్మన్‌ప్రీత్, స్మృతి, దీప్తి ముగ్గురూ 2017 ఫైనల్‌లో మిథాలీ కెప్టెన్సీలో ఆడినవాళ్లే. నవీ ముంబైలో గెలిచిన రాత్రి జట్టు కప్పును తీసుకెళ్లి మైదానంలోనే ఉన్న మాజీ క్రికెటర్లు మిథాలీ, ఝులన్ గోస్వామి, అంజుమ్ చోప్రాల చేతుల్లో పెట్టింది. మిథాలీ దాన్ని పైకెత్తింది.