చేప పిల్లతో పాటు చెరువులోకి ఏం వస్తోంది?

తొలకరి పడింది. ఒడిశా సరిహద్దులోని పర్లాకిమిడి, కాశీనగరం, గుణుపురం, రాయగడ చుట్టుపక్కల చెరువుల్లో కొత్త నీరు చేరుతోంది. ఇక వానాకాలం పొడుగునా ఆంధ్ర నుంచి చేప పిల్లల వేన్లు వస్తూనే ఉంటాయి. పాతపట్నం మీదుగా పర్లాకిమిడికి, పార్వతీపురం మీదుగా రాయగడకు, ఇచ్ఛాపురం దాటి బరంపురం వైపు. ఎండెక్కితే కవర్లలో ఆక్సిజన్ చాలదు కాబట్టి అందరికీ హడావుడే. గట్టు మీద బేరం రెండు మాటల్లో తేలిపోతుంది: వెయ్యి పిల్ల ఎంత, సైజు ఎంత. ఆ పిల్ల ఏ హేచరీలో పుట్టింది, ఏ గుంటలో పెరిగింది, దాని మొప్పలు ఎలా ఉన్నాయి అని అడిగే అలవాటు మన దగ్గర లేదు. అడగకపోతే నష్టం ఎంత దూరం పోతుందో నార్వే దేశం అనుభవించింది. ఆ అనుభవం మన సరిహద్దు జిల్లాల రైతులకు తెలియాలని మా అభిప్రాయం.

నార్వే నదుల్లో పుట్టేది అట్లాంటిక్ సాల్మన్. గుడ్డు నదిలోనే పొదుగుతుంది. పిల్ల కొన్నేళ్ళు చల్లని మంచినీళ్ళలో పెరిగి సముద్రంలోకి దిగుతుంది. అక్కడ పెద్దదై, గుడ్లు పెట్టడానికి మళ్ళీ పుట్టిన నదికే ఎదురెక్కి వస్తుంది. గోదావరి పులస గురించి విన్న మనకు ఇదేమీ వింత కాదు. అక్కడి పల్లెలకు ఈ చేప ఆదాయం, ఆహారం, తరతరాల అనుబంధం కూడా. 1970లలో నార్వే వాళ్ళు పొరుగున ఉన్న స్వీడన్ హేచరీల నుంచి సాల్మన్ పిల్లల్ని తెప్పించుకున్నారు. పిల్లలు చూడ్డానికి ఆరోగ్యంగానే ఉన్నాయి. కానీ వాటి ఒంటిని పట్టుకుని గైరోడాక్టిలస్ సలారిస్ అనే బల్లపరుపు పురుగు కూడా వచ్చింది. 1975లో నార్వేలో దాన్ని మొదటిసారి గుర్తించారు. ఆ తర్వాత అది సుమారు 50 నదులకు పాకింది.

ఇక్కడ గమనించాల్సిన విషయం ఒకటుంది. స్వీడన్‌లో బాల్టిక్ సముద్రం వైపు నదుల్లో ఉండే సాల్మన్‌కు ఈ పురుగు పాత పరిచయమే. ఎన్నో తరాలుగా కలిసి బతకడంతో ఆ చేప దాన్ని తట్టుకుంటుంది. నార్వే చేప దాన్ని ఎన్నడూ ఎరగదు. పుట్టినచోట పెద్దగా హాని చేయని పురుగే కొత్త నీళ్ళలో పడగానే నదుల్నే ఖాళీ చేసింది. పురుగు పట్టిన నదుల్లో సాల్మన్ పిల్లల సంఖ్య సగటున 80 శాతానికి పైగా పడిపోయింది. అమ్మేవాడు మోసం చేయలేదు, కొన్నవాడు ఏమరుపాటుగా లేడు. పైకి బాగున్న పిల్లను చూసి బాగుందని నమ్మారు, అంతే. మన చెరువు గట్ల మీద ప్రతి ఏడాదీ జరిగేది కూడా ఇదే.

ఆ పురుగు పొడవు అర మిల్లీమీటరు. చేప ఒంటి మీద ఉన్నా మన కంటికి ఆనదు. సూక్ష్మదర్శిని కింద చూస్తే దాని వెనక కొసన గుండ్రటి పట్టు కనిపిస్తుంది. పట్టు నడుమ రెండు పెద్ద కొక్కేలు, అంచు చుట్టూ 16 చిన్న కొక్కేలు. వాటితో చేప రెక్కల్నీ చర్మాన్నీ పట్టుకుని, ముందు భాగాన్ని అటూ ఇటూ చాపుతూ పైచర్మాన్నీ జిగురునూ తింటుంది. కొక్కెం దిగిన చోటల్లా గాయమే. ఆ గాయంలోంచి బూజు, బ్యాక్టీరియా లోపలికి పోతాయి. ఒంటి మీద పొర చెడిపోయాక చేప తన శరీరంలోని ఉప్పునూ నీటినీ సరిచూసుకోలేదు. వేలెడు పిల్ల ఎంతకాలం తట్టుకుంటుంది?

అన్నిటికన్నా భయపెట్టేది అది పెరిగే తీరు. ఈ పురుగు గుడ్డు పెట్టదు, నేరుగా పిల్లను కంటుంది. తల్లి కడుపులో ఉన్న పిల్ల కడుపులో అప్పటికే మరో పిల్ల తయారవుతూ ఉంటుంది. మొదటి కాన్పుకు జత కూడా అక్కర్లేదు. అందుకే నదిలోకి వంద పురుగులు రానక్కర్లేదు, ఒక్కటి వచ్చినా చాలు. కొన్ని వారాల్లోనే ఒక్క చేప మీద వేల పురుగులు చేరతాయి. చేప నుంచి చేపకు ఒళ్ళు తగిలితే ఎక్కుతాయి, చచ్చిన చేప మీంచి బతికిన చేప మీదికి మారతాయి, తడి వల మీద కొన్ని రోజులు ప్రాణంతో ఉండగలవు. రెయిన్‌బో ట్రౌట్ అనే బంధువు చేప అయితే ఏ జబ్బూ పడకుండానే ఈ పురుగును మోసుకుపోగలదు.

మరి నార్వే ఏం చేసింది? మన రైతులు పిల్ల వదిలే ముందు చెరువులో పనికిరాని చేపల్ని తీసేయడానికి ఇప్పచెక్క వేస్తారు కదా, నార్వే ప్రభుత్వం ఆ పనిని మొత్తం నదికి చేయాల్సి వచ్చింది. వాళ్ళు వాడింది రోటెనోన్, అది కూడా కొన్ని మొక్కల వేళ్ళలో దొరికే విషమే. చేప లేకపోతే ఈ పురుగు ఎక్కువ కాలం బతకలేదు. కాబట్టి పురుగును చంపాలంటే సాల్మన్ ఎక్కగలిగినంత మేరా నదిలో, దానిలో కలిసే వాగుల్లో, ఊటల్లో చేపనేదే మిగలకుండా చంపాలి. ఒక్క పిల్లకాలువను వదిలేసినా కష్టమంతా నీళ్ళపాలే. కొన్ని నదుల్లో అదే జరిగింది: మందు పోశాక పురుగు మళ్ళీ కనిపించింది, మళ్ళీ మొదటికొచ్చారు. మందు పోయడానికి ముందే ఆ నది జాతి సాల్మన్‌ను పట్టి జన్యు బ్యాంకుల్లో దాచుకున్నారు. నది శుభ్రపడ్డాక ఆ పిల్లల్నే తిరిగి వదిలారు. వెఫ్స్నా అనే నదికి 2011లో, 2012లో వరసగా రెండేళ్ళు మందు పోస్తే, పురుగు పోయిందని ధైర్యంగా ప్రకటించేసరికి 2017 వచ్చింది. లేర్డాల్ నదిలో చేపల్ని చంపకుండా పురుగును మాత్రమే చంపే అల్యూమినియం పద్ధతి ఫలించింది. ఇంత చేసినా, మొదటిసారి కనబడి నాలుగు దశాబ్దాలు దాటాక కూడా వాళ్ళ పోరాటం సాగుతూనే ఉంది. ప్రపంచ పశు ఆరోగ్య సంస్థ ఈ జబ్బును తన జాబితాలో పెట్టింది. ఈ పురుగు లేని బ్రిటన్, ఐర్లండ్ దేశాలు బయటి నుంచి గాలం వేయడానికి వచ్చేవాళ్ళ బూట్లు, గాలాలు, వలలు శుద్ధి చేయించుకోమంటాయి.

ఈ పురుగు మన చెరువుల్లోకి వస్తుందని మేము చెప్పడం లేదు. దానికి చల్లని నీళ్ళు కావాలి, సాల్మన్ జాతి చేప కావాలి. గజపతి, రాయగడ జిల్లాల్లో రెండూ లేవు. ఇది మనిషికి సోకేదీ కాదు కాబట్టి చేప తినడానికి ఎవరూ భయపడనక్కర్లేదు. కానీ దాని దాయాదులు మన బొచ్చె, శీలావతి, ఎర్రమోసు, బంగారుతీగ పిల్లల మీద ఎప్పటి నుంచో ఉన్నాయి. చర్మం మీద ఉండేది గైరోడాక్టిలస్ జాతి, మొప్పల్లో ఉండేది డాక్టిలోగైరస్. తెల్లవారుజామున పిల్లలు నీటి పైకొచ్చి నోరు తెరిచి గాలి మింగుతుంటే రైతు ఆక్సిజన్ తగ్గిందనుకుని నీళ్ళు పెడతాడు. చాలాసార్లు అది నిజమే. కానీ నీళ్ళు పెట్టినా తగ్గకపోతే, పిల్లలు గట్టుకూ కర్రలకూ ఒళ్ళు రుద్దుకుంటుంటే, పట్టి చూస్తే మొప్పలు పాలిపోయి జిగురు కట్టి ఉంటే, పురుగును అనుమానించాలి. ఒక పిల్ల మొప్పను కత్తిరించి గాజుపలక మీద పెట్టి, నీటిచుక్క వేసి సూక్ష్మదర్శినిలో చూస్తే నిమిషాల్లో తేలిపోతుంది. తలవైపు నాలుగు నల్ల చుక్కలుండి మెలికలు తిరిగేది మొప్ప పురుగు. ఒంటి జిగురు గీకి చూసినప్పుడు చుక్కలు లేకుండా, కడుపులో బిడ్డ కొక్కేలు కూడా కనబడుతుంటే అది చర్మపు పురుగు. ఈ తేడా తెలిస్తేనే వైద్యం కుదురుతుంది. మొప్ప పురుగు గుడ్లు పెడుతుంది. మందుకు పురుగు చచ్చినా గుడ్డు చావదు, కొన్ని రోజులకు మళ్ళీ మందు వేయాలి. ఈ సంగతి చెప్పకుండా మందు డబ్బా ఒక్కటే చేతిలో పెట్టే దుకాణాల వల్ల రైతు డబ్బూ పోతోంది, పిల్లా పోతోంది.

బయటి నుంచి వచ్చిన జబ్బు ఎలా ఉంటుందో మనకు తెలియంది కాదు. 1988లో బంగ్లాదేశ్ వైపు నుంచి ఈశాన్య భారతంలోకి దిగిన పుండ్ల జబ్బు తర్వాత ఒడిశాకూ ఆంధ్రకూ పాకింది. కొర్రమీను, పరిగెల ఒళ్ళు కుళ్ళి తేలుతుంటే సంతల్లో చేప కొనేవాడు లేక జాలరి ఇళ్ళు పస్తులున్న రోజులు పెద్దవాళ్ళకు ఇంకా గుర్తే. అది పురుగు కాదు, నీటి బూజు తెచ్చిన జబ్బు. అయినా వచ్చిన దారి మాత్రం ఇలాంటిదే: నీళ్ళతో, చేపలతో, వలలతో.

నష్టం ఎవరికి అన్నది కూడా చూడాలి. ఒడిశాలో పంచాయతీ చెరువుల్ని మహిళా సంఘాలకు లీజుకిచ్చే పద్ధతి వచ్చాక మన ప్రాంతంలో ఎంతోమంది అక్కచెల్లెళ్ళు చేపల పెంపకంలోకి దిగారు. సంఘం అప్పుతో పిల్ల కొంటారు. వదిలిన పదిహేను రోజుల్లో సగం పిల్ల తేలిపోతే అమ్మినవాడు ఫోను ఎత్తడు, కట్టాల్సిన కిస్తీ ఆగదు. పిల్ల ఎందుకు పోయిందో చెప్పేవాళ్ళు లేక మళ్ళీ అదే వేన్‌లో కొంటారు. ఈ టెన్షన్ వాళ్ళకు తప్పించడం చేతకాని పని కాదు.

రైతు స్థాయిలో చేయాల్సింది కష్టమైనదేమీ కాదు. కవరును చెరువు నీటిలో పదిహేను ఇరవై నిమిషాలు తేలనిచ్చాక, లోపలి నీళ్ళు చెరువులో పోయకుండా పిల్లను మాత్రమే తీయాలి. తొట్టెలో 100 లీటర్ల నీటికి 2 నుంచి 3 కిలోల ఉప్పు కలిపి పిల్లను కొద్ది నిమిషాలు ముంచాలి. ఎదురుగానే నిలబడి చూస్తూ, పిల్ల ఒరిగిపోతోందనిపిస్తే వెంటనే మంచినీళ్ళలోకి మార్చాలి. వీలున్నవాళ్ళు ఒకటి రెండు వారాలు చిన్న గుంటలోనో హాపాలోనో (నీటిలో కట్టే వల తొట్టెలో) ఉంచి, బాగుంటేనే పెద్ద చెరువులోకి వదలాలి. అద్దె వల ఒక ఊరి చెరువు నుంచి తడి ఆరకుండానే ఇంకో ఊరి చెరువుకు పోవడం మన దగ్గర మామూలైపోయింది. దాన్ని మానుకోవాలి. ఎండలో బాగా ఆరిన వల మీద ఈ పురుగు బతకదు. ఖర్చు లేని కట్టడి ఇంతకన్నా ఇంకోటి లేదు.

అయితే భారమంతా రైతు మీదికి నెట్టడం న్యాయం కాదు. ఆంధ్రప్రదేశ్‌లో చేప, రొయ్య పిల్లల నాణ్యత కోసం 2006 నుంచే చట్టం ఉంది. భువనేశ్వర్ దగ్గర కౌసల్యాగంగలో మంచినీటి చేపల పెంపకంపై కేంద్ర పరిశోధనా సంస్థ ఉంది. నీటి జీవుల జబ్బుల మీద జాతీయ నిఘా కార్యక్రమం 2013లో మొదలైంది. జబ్బు కనబడితే ఫోటోతో సహా తెలియజేయడానికి 2023లో కేంద్రం ఒక మొబైల్ యాప్ కూడా తెచ్చింది. ఇన్ని ఉన్నా సరిహద్దులో గిరిసోల దగ్గరా, సుంకి దగ్గరా, పాతపట్నం దారిలో మనకు కనిపించేది గంజాయి కోసం బండి ఆపే పోలీసులే. చేప పిల్ల మొప్ప ఎత్తి చూసే మనిషి కనబడడు. వంశధార నీటి వాటా తేల్చుకోవడానికి ఈ రెండు రాష్ట్రాలు 2010లో ఏర్పాటైన ట్రిబ్యునల్ ముందు ఏళ్ళ తరబడి వాదించుకున్నాయి. ఆ నీళ్ళలో పెరిగే చేప ఆరోగ్యం గురించి కూడా అంత పట్టుదలగా కూర్చుని మాట్లాడుకోవాలి. పర్లాకిమిడి చెరువు అలుగు పారితే ఆ నీళ్ళు మహేంద్రతనయలో కలుస్తాయి, అక్కడి నుంచి వంశధారలోకి, శ్రీకాకుళం జిల్లాలోకి పోతాయి. ఆంధ్ర నుంచి వచ్చిన పురుగు మళ్ళీ ఆంధ్రకే పోతుంది. కాబట్టి ఇది ఒక రాష్ట్రం ఇంకో రాష్ట్రాన్ని నిందించే వ్యవహారం కాదు. ఆంధ్ర పిల్లను అడ్డుకోవాలని కూడా మేము కోరడం లేదు. అడ్డుకుంటే ఇక్కడి చెరువులే ఖాళీగా ఉంటాయి.

మేము కోరేది ఇది. ప్రతి వేన్‌తో పాటు హేచరీ పేరు, పిల్ల తీసిన తేదీ, ఎవరు పరీక్షించారో రాసిన కాగితం రావాలి. ఆ కాగితం లేని పిల్లకు సర్కారు సబ్సిడీ, సంఘం అప్పు ఇవ్వకూడదు. సీజన్ ఉన్నన్నాళ్ళు పర్లాకిమిడి, గుణుపురం, రాయగడలలో ఒక్కో సూక్ష్మదర్శిని, దాన్ని వాడటం తెలిసిన ఒక్కో మనిషి పొద్దున్నే అందుబాటులో ఉండాలి. రైతు పది పిల్లల్ని తెస్తే అప్పటికప్పుడు చూసి చెప్పాలి. పురుగు కనబడితే ఏ హేచరీ నుంచి వచ్చిందో అవతలి జిల్లా మత్స్యశాఖకు అదే రోజు ఫోను పోవాలి, అక్కడి అధికారి వెళ్ళి ఆ గుంట చూడాలి. ఉప్పు ఎంత, ఎన్ని నిమిషాలు, వల ఎలా ఆరబెట్టాలి అన్నది ఒడియాతో పాటు తెలుగులో అచ్చువేసి పంచాయతీల్లో అంటించాలి. కొండ మీది ఊళ్ళలో సవర భాషలో నోటితో చెప్పించాలి. ఇందుకు కొత్త చట్టం అక్కర్లేదు, పెద్ద నిధులూ అక్కర్లేదు. రెండు జిల్లాల కలెక్టర్లు ఒక పూట కూర్చుంటే ఈ వారంలోనే ఉత్తర్వులు ఇవ్వవచ్చు.