మెట్టుతో మొదలై ప్రహరీ దాకా

కడపలో బండలకు కొరత లేదు కదా, మా వీధిలో ఎవరికి నాలుగు మిగిలినా ముందు పరిచేది ప్రభుత్వ స్థలం మీదే. పక్కింటాయన మొదట మురుగుకాలువ మీద ఒక మెట్టు కట్టాడు. తర్వాత బైకు ఎక్కించడానికి వాలు. ఆపైన అరుగు, దాని మీద రేకులు, ఇప్పుడు చుట్టూ ప్రహరీ. కాలువ ఎక్కడుందో దోమలకే తెలియాలి. వాన పడితే నీళ్లన్నీ మా గుమ్మంలోకే.

“అన్నా, ఇది దారి కదా” అంటే, “నీ స్థలంలోకి వచ్చానా?” అని ఎదురు ప్రశ్న! అందరిదీ అయితే అడిగే హక్కు ఎవరికీ లేదన్నమాట.

ఒక కార్యాలయంలో ఇది పోరంబోకు, మాకు సంబంధం లేదన్నారు. ఇంకో కార్యాలయంలో ఇది వీధి, అక్కడికే వెళ్లండి అన్నారు. సర్వేయరు ఎఫ్‌ఎంబీ పటం (స్థలాల హద్దుల కొలతలుండే సర్వే పటం) పట్టుకొని వచ్చి కొలిస్తే ఒక పూటలో తేలే విషయం. ఆ పూటే రాదు.

చట్టం లేదా అంటే, ప్రభుత్వ భూముల ఆక్రమణల మీద 1905 నుంచీ ఉంది. ఏడో సెక్షన్ కింద నోటీసు, సంజాయిషీ, ఆరో సెక్షన్ కింద తొలగింపు. ఆక్రమించిన వీధి కోసం స్థానిక సంస్థ దావా వేయడానికి లిమిటేషన్ చట్టం ఏకంగా 30 ఏళ్ల గడువిచ్చింది. మనవాళ్లు అందులో ఒక్క రోజు కూడా వృథా చేసేలా లేరు.

ఫిర్యాదు చేసింది నేనేనన్న సంగతి మాత్రం ఆ సాయంత్రానికే పక్కింటికి చేరింది. ఆ ఒక్క పనికి ఏ సంతకమూ అవసరం లేదు కాబోలు!