పాలపుంతలో పార్కింగ్

మానవజాతి ఏనాటికైనా నక్షత్రాల మధ్య తిరగగలిగితే, అక్కడ దానికి ఎదురయ్యే అన్నిటికన్నా పెద్ద చిక్కు బండి నిలుపుకోవడమేనని ఈ వ్యాసం ద్వారా పాఠకలోకానికి సవినయంగా మనవి చేస్తున్నాను. ‘ఎలీట్ డేంజరస్’ అనే వీడియో గేమ్‌లో ఎనిమిది నెలలుగా అంతరిక్ష నౌక నడపడం నేర్చుకుంటున్నవాడిగా, ఆ శిక్షణలో నాలుగు నౌకలను స్వహస్తాలతో తుక్కు చేసినవాడిగా, ఈ విషయంలో మాట్లాడే అర్హత నాకు ఉందనే అనుకుంటున్నాను. గ్రహాంతరవాసుల దాడి గురించీ కృష్ణబిలాల గురించీ భయపడేవారు భయపడవచ్చు. నా వరకు ఆ రెండింటినీ చేరుకునేంత దూరం నేనింకా వెళ్లలేదు. రేవు దాటడమే గగనంగా ఉంది.

2014 డిసెంబరులో విడుదలైన ఈ ఆటలో మన పాలపుంత మొత్తాన్నీ నిజ పరిమాణంలో పెట్టారు. అందులో దాదాపు 40 వేల కోట్ల నక్షత్ర వ్యవస్థలు ఉన్నాయి. ప్రపంచంలోని ఆటగాళ్లంతా కలిసి ఇన్నేళ్లు తిరిగినా వాటిలో ఒక శాతం కూడా చూసి ముగించలేదు. కొత్తగా చేరినవాడి చేతికి సైడ్‌వైండర్ అనే బుల్లి నౌకనూ, వెయ్యి క్రెడిట్లనూ, ‘హార్మ్‌లెస్’ అనే హోదానూ ఇస్తారు. హార్మ్‌లెస్ అంటే ఎవరికీ హాని చేయలేనివాడని అర్థం. ధ్రువపత్రాలలో ఇంత నిజాయితీగా రాసినది నేను మరొకటి చూడలేదు. కాస్త పోరాడితే తరువాతి మెట్టు ‘మోస్ట్‌లీ హార్మ్‌లెస్’ దక్కుతుంది, అంటే చాలావరకు హాని చేయలేనివాడు. పెళ్లిసంబంధాల వెబ్‌సైట్‌లో వరుడి గురించి ఇంతకన్నా మంచి మాట రాయడం కష్టం.

ఇంత విశాలమైన జగత్తులో నా శిక్షణ కాలం మూడొంతులు గడిచింది మాత్రం ఒక సన్నని చీలిక ముందు. ఆ ఆటలో పెద్ద అంతరిక్ష కేంద్రాలు తమ చుట్టూ తాము తిరుగుతూ ఉంటాయి. ఆ తిరుగుడు వల్లనే లోపలివారికి కాళ్ల కింద బరువు తెలుస్తుంది. లోపలికి పోవడానికి ఉన్న దారి ఒకటే. అది పోస్టు డబ్బా నోరులా ఉండి, కేంద్రంతో పాటే తిరుగుతూ ఉంటుంది. ఆటగాళ్లు దాన్ని ‘మెయిల్ స్లాట్’ అనే పిలుస్తారు. ముందుగా 7.5 కిలోమీటర్ల లోపలికి వచ్చి అనుమతి కోరాలి. అంతకన్నా ఒక్క బారెడు అవతలి నుంచి అడిగినా దూరం ఎక్కువైందని తోసిపుచ్చుతారు. అనుమతి వచ్చాక నౌకలు దిగడానికి 1 నుంచి 45 వరకు ఉన్న ప్యాడ్‌లలో ఒక నంబరు చెప్పి, పది నిమిషాల గడువు పెడతారు. పచ్చ దీపాలు కుడివైపు ఉండేలా చూసుకుని, ఎదురు వచ్చేవారికి ఎడమవైపు వదిలి ప్రవేశించాలి. వేగం సెకనుకు 100 మీటర్లు దాటి ఉండగా ఎవరినైనా గుద్దితే తప్పు మీదే అవుతుంది. ద్వారం దగ్గర ఊరికే తచ్చాడితే, తచ్చాడటం మరణశిక్షకు తగిన నేరమని హెచ్చరిక వినిపిస్తుంది. ఈ ఒక్క నిబంధనను మా వీధి చివరి టీకొట్టు దగ్గర అమలు చేస్తే పేటలో మగవాళ్లు మిగలరు.

తొలిసారి ఆ చీలిక ముందు నేను ల్యాండింగ్ గేర్ దించే మీట అనుకుని నొక్కినది ఆయుధాలను బయటికి తెచ్చే మీట. ఆ తప్పును దిద్దుకునే ఆత్రంలో నొక్కినది వాటిని పేల్చే మీట. కాల్పులు నిషేధించిన ఆవరణలో అజాగ్రత్తగా ఆయుధం పేల్చినందుకు జరిమానా పడింది. ఆ తరువాత ఎలాగో లోపలికి చేరి, కేటాయించిన ప్యాడ్ మీద నౌకను ఎంతో ఒబ్బిడిగా దించాను గాని, ముక్కు ఉండవలసిన వైపు తోక ఉన్నందువల్ల ప్యాడ్ నన్ను స్వీకరించలేదు. పెళ్లిపందిట్లో తప్పు పీట మీద కూర్చున్న పెళ్లికొడుకులా కొంతసేపు అలాగే ఉండిపోయాను. ఈలోగా పది నిమిషాలూ గడిచిపోయాయి.

ఇదంతా వెనక కుర్చీలో కూర్చుని మా నాన్నగారు చూస్తున్నారు. ఆయన ముప్పై ఏళ్లు ఆర్టీసీలో బస్సు నడిపి పదవీ విరమణ చేసినవారు.

“ఒరేయ్, ప్లాట్‌ఫారం నంబరు ఇచ్చారు, దీపాలు పెట్టి దారి చూపించారు, ఎదురుగా బండి లేదు. ఇంకేం కావాలిరా నీకు?” అన్నారు.

“నాన్నా, ఇది గుండ్రంగా తిరుగుతోంది.”

“సంక్రాంతి ముందు రోజు విజయవాడ బస్టాండు కూడా అలాగే తిరిగేది.”

కొంచెం ఆగి, బ్రేకు ఏదని అడిగారు. శూన్యంలో రాపిడి ఉండదనీ, కదిలే వస్తువు తనంతట తాను ఆగదనీ, కాబట్టి వెనక్కి తోసే ఇంజన్లను మండించడమే బ్రేకు అనీ న్యూటన్‌ను అడ్డం పెట్టుకుని వివరించాను. ఆ లెక్కలన్నీ ‘ఫ్లైట్ అసిస్ట్’ అనే కంప్యూటర్ మన తరఫున చూసుకుంటుందని కూడా చెప్పాను. ఆయన చాలాసేపు ఆలోచించి, “బ్రేకు లేని బండిని డిపోలో నుంచి బయటికి తీయడానికి సంతకం పెట్టింది ఎవరు?” అని అడిగారు. దీనికి న్యూటన్ దగ్గర కూడా సమాధానం లేదు. ఫ్లైట్ అసిస్ట్‌ను ఆపేసి నడిపేవాడే అసలైన పైలట్ అని అనుభవజ్ఞులు అంటూ ఉంటారు. నా నాలుగో నౌక వారి అభిప్రాయానికి నివాళిగా ఆ చీలిక అంచు మీదనే సమర్పితమైంది. అదృష్టవశాత్తు ఈ జగత్తులో బీమా ధర్మంగా నడుస్తుంది. నౌక విలువలో 5 శాతం కడితే కొత్త నౌక అప్పటికప్పుడు వస్తుంది. ప్రమాద సమయంలో ఎవరు నడుపుతున్నారని అడగరు, ఫొటోలు అడగరు.

నా మీద నవ్వే ముందు పాఠకులు ఒక విషయం గుర్తుంచుకోవాలి. మన శ్రీహరికోట నుంచి 2024 డిసెంబరు 30న ఇస్రో స్పేడెక్స్ ప్రయోగంలో రెండు చిన్న ఉపగ్రహాలను పంపింది. ఒక్కొక్కటి సుమారు 220 కిలోల బరువున్న ఆ రెండింటినీ కక్ష్యలో ఒకదానితో ఒకటి కలపడమే పని. జనవరి 7న అనుకున్నది 9కి వాయిదా పడింది, 9న కూడా కుదరలేదు. 12న వాటిని 15 మీటర్ల దాకా, తరువాత 3 మీటర్ల దాకా దగ్గరికి తెచ్చి, మళ్లీ క్షేమంగా దూరం జరిపారు. చివరకు 2025 జనవరి 16న అవి కలిశాయి. ఆ విద్య తెలిసిన నాలుగో దేశంగా భారత్ నిలిచింది. కలిసేటప్పటి వేగం సెకనుకు 10 మిల్లీమీటర్ల స్థాయిలో ఉండేలా వాటిని రూపొందించారు. అంత పెద్ద సంస్థ, అంతమంది శాస్త్రవేత్తలు, 17 రోజులు తీసుకుని గోరంత వేగంతో చేసిన పనిని, నేను ఒక్కడినే, పది నిమిషాల గడువులో, సెకనుకు 180 మీటర్ల వేగంతో ప్రయత్నించాను. ఫలితంలో స్వల్పమైన తేడా వచ్చింది.

ఈ బాధ కొత్తదేమీ కాదు. కేంబ్రిడ్జ్‌లో చదువుకుంటున్న డేవిడ్ బ్రేబెన్, ఇయాన్ బెల్ అనే ఇద్దరు కుర్రవాళ్లు 1984లో ‘ఎలీట్’ అనే మాతృకను తయారు చేశారు. 32 కిలోబైట్ల జ్ఞాపకశక్తి ఉన్న బీబీసీ మైక్రో కంప్యూటర్‌లో, గ్రహాల వివరాలను ఎక్కడా దాచకుండా ఒక గణిత సూత్రంతో అప్పటికప్పుడు పుట్టిస్తూ, 8 గెలాక్సీలను, ఒక్కో దానిలో 256 లోకాలను ఇరికించారు. ఇప్పుడు నా ఫోనులో మా బంధువర్గం పంపే ఒక్క శుభోదయం బొమ్మకు అంతకన్నా ఎక్కువ స్థలం కావాలి. అంత పొదుపరులు కూడా ఆ తిరిగే కేంద్రాన్నీ, ఆ చీలికనూ మాత్రం వదులుకోలేదు. ఎందరో పిల్లలు దాని గోడలకు గుద్దుకుని చిన్నబుచ్చుకున్నారు. డబ్బు చేరినవారు డాకింగ్ కంప్యూటర్ కొనుక్కుని గండం గట్టెక్కారు. నేటి ఆటలో కూడా అది ఉంది. దానికి పని అప్పగిస్తే నౌక తనంతట తానే దిగుతుంది, దిగుతున్నంతసేపూ స్ట్రాస్ ‘బ్లూ డాన్యూబ్’ వాల్ట్జ్ వినిపిస్తుంది. అది పెట్టుకున్నందుకు కొందరు నన్ను చులకనగా చూశారు. వారికి ఒకటే చెప్పదలచుకున్నాను: గుర్రం మీద ఊరేగే పెళ్లికొడుకు కళ్లెం తానే పట్టుకోవాలని ఎవరూ అనరు, బాజాలు మోగితే చాలు.

దిగడం వచ్చాక వెళ్లడం నేర్చుకున్నాను. ఒకే నక్షత్ర వ్యవస్థలో తిరిగేటప్పుడు ‘సూపర్‌క్రూజ్’ అనే విధానంలో మామూలుగా కాంతికన్నా 2,001 రెట్ల వేగం వరకు పోవచ్చు. కష్టమంతా ఆగడంలో ఉంది. గమ్యానికి ఇంకా ఏడు సెకన్లు ఉందనగా థ్రాటిల్ మూడొంతులకు తగ్గించాలి. ఆలస్యమైతే గమ్యం కిటికీలో నుంచి చేయి ఊపి వెనక్కి పోతుంది, మనం పెద్ద చుట్టు తిరిగి రావాలి. ఆటగాళ్లు దీన్ని ‘లూప్ ఆఫ్ షేమ్’ అంటారు, అంటే సిగ్గుచుట్టు. నేను చుట్టిన సిగ్గుచుట్లను సాగదీస్తే ఆల్ఫా సెంటారీలో హట్టన్ ఆర్బిటల్ అనే కేంద్రానికి పోయి రావచ్చు. అది ఆ వ్యవస్థలోకి అడుగుపెట్టిన చోటు నుంచి 0.22 కాంతి సంవత్సరాల దూరంలో ఉంటుంది, మామూలు ఇంజన్‌తో తిన్నగా పోతే దాదాపు గంటన్నర పడుతుంది. అక్కడ అనకొండ అనే ఖరీదైన నౌకను ఉచితంగా ఇస్తారని కొత్తవారికి చెప్పడం పాతవారికి ఒక ఆనవాయితీ. నేను వెళ్లాను. ఇవ్వరు.

ఇంధనం సంగతి కూడా చెప్పాలి. నక్షత్రం చుట్టూ ఒడుపుగా తిరుగుతూ దాని నుంచే ఇంధనం తోడుకోవచ్చు, కాని అన్ని నక్షత్రాలూ ఇవ్వవు. ఓ, బీ, ఏ, ఎఫ్, జీ, కే, ఎం అనే తరగతులవే ఇస్తాయి. ఎల్, టీ, వై అనే గోధుమ మరుగుజ్జుల దగ్గర, అంటే పూర్తి నక్షత్రాలుగా వెలగలేకపోయిన చిన్న గోళాల దగ్గర, చుక్క కూడా దొరకదు. ఈ అక్షరమాల నాకు తెలిసే నాటికి నేనొక టీ తరగతి మరుగుజ్జు పక్కన ఖాళీ ట్యాంకుతో త్రిశంకుడిలా వేలాడుతున్నాను. ఇలాంటి అభాగ్యులను ఆదుకోవడానికి ‘ఫ్యూయెల్ ర్యాట్స్’ అనే ఆటగాళ్ల సంఘం 2015 నుంచి పనిచేస్తోంది. ఎంత దూరమైనా వస్తారు, ఇంధనం పోస్తారు, పైసా పుచ్చుకోరు. సహాయం కోరగానే వారు నన్ను మొదట అడిగిన ప్రశ్న ప్రాణవాయువు అయిపోతోందా అని, అవునన్నాను. అయితే వెంటనే ఆటలో నుంచి బయటికి వచ్చి ప్రధాన మెనూలో కూర్చోమన్నారు, అక్కడ కాలం ఆగిపోతుంది గనుక ఊపిరి ఖర్చు కాదట. ఆయుర్వేదం, యోగశాస్త్రం ఇంతకాలం వెతికినది ప్రధాన మెనూలో దొరికింది.

వచ్చినవారు ఇంధనం పోసి, నేను చెప్పబోయిన కృతజ్ఞతలు పూర్తిగా వినకుండానే మరొకరి కోసం వెళ్లిపోయారు. ఇంత అయ్యాక నాకు ఇల్లు గుర్తొచ్చింది. సూర్యుడి దగ్గరికి దారి పెట్టబోతే కంప్యూటర్ ఒప్పుకోలేదు. మన సౌర కుటుంబంలో అడుగుపెట్టడానికి పర్మిట్ కావాలట. ఫెడరేషన్ అనే ఆ కాలపు ప్రభుత్వానికి సేవ చేసి, ‘పెటీ ఆఫీసర్’ హోదా సంపాదిస్తే గాని ఆ పర్మిట్ రాదు. సేవ అంటే ముఖ్యంగా ఒక కేంద్రం నుంచి మరొక కేంద్రానికి కాగితాలూ మూటలూ చేరవేయడం. ఇంట గెలిచి రచ్చ గెలవమన్న పెద్దల మాట ఇక్కడ తలకిందులైంది. విదేశాల్లో వీసా ముద్ర కోసం ఏళ్ల తరబడి ఎదురుచూస్తున్న మనవాళ్లకు ఇందులో వింత కనిపించకపోవచ్చు, కాని వారు కూడా సొంత ఊరికి రావడానికి ఎవరికీ మూటలు మోసి ఉండరు. పుట్టిన చోటికి రావడానికి నేను రెండు నెలలు కొరియర్ పని చేశాను.

పర్మిట్ వచ్చింది. దారిలో వాయేజర్ కూడా కనిపించింది. 1977లో భూమిని విడిచిన ఆ నిజమైన నౌకను ఆటలో కూడా దాని దారిన దాన్ని పోనిచ్చారు. బయటికి పోయేవారిని ఎవరూ పర్మిట్ అడగరు కాబోలు. తరువాత భూమి వచ్చింది, నీలంగా, మబ్బులతో. బంగాళాఖాతం అంచున శ్రీహరికోట ఎక్కడ ఉంటుందో నాన్నగారు వేలు పెట్టి చూపించారు. అక్కడ దిగమన్నారు. ఈ ఆటలో భూమి మీద దిగడానికి వీలు లేదని, పైన తిరిగే కేంద్రంలో మాత్రమే ఆగాలని చెప్పడానికి నాకు మనసు రాలేదు గాని, చెప్పాను. నౌకను అబ్రహాం లింకన్ అనే ఆ కేంద్రం వైపు తిప్పి, గొంతు సవరించుకుని, అనుమతి కోరాను. తిరస్కరించారు.

“ఎందుకట?” అన్నారు నాన్నగారు.

“ఏడున్నర కిలోమీటర్ల లోపలికి వచ్చి అడగాలట నాన్నా. ఏడు కిలోమీటర్ల ఆరు వందల మీటర్ల దూరంలో ఉన్నాం.”

“కంట్రోలర్ అంటే అలా ఉండాలి” అని ఆయన తృప్తిగా తలపంకించారు.