కక్ష్యలో కందాయ ఫలాలు

ఉపగ్రహ టెలివిజన్ కంపెనీల పట్ల అనంతపురం ప్రజలు చూపుతున్న నిర్దయ నన్ను కొంతకాలంగా కలవరపెడుతున్నది. పాతూరులో మా మిద్దెకు ఆనుకొని ఉన్న ఇంట్లో ఒక రిటైర్డు రెవెన్యూ ఇన్‌స్పెక్టరు గారు ఉంటారు. మొన్నటి సెప్టెంబరులో, వేసవంతా ఎదురుచూసిన వాన ఒక సాయంత్రం ఉరుములతో దిగినప్పుడు, ఆయన టీవీ తెర మీద ‘సిగ్నల్ లేదు’ అన్న రెండు మాటలు ప్రత్యక్షమయ్యాయి. వాన వెలిసేదాకా ఆయన గమ్మునుండి, తర్వాత పిట్టగోడ దగ్గరికి వచ్చి, “ఏమప్పా, ఏడాదికి నాలుగు వానలు పడే ఊర్లో ఆ నాలుగు వానలకే టీవీ నిలిచిపోతే, ఇంగ దుడ్డు కట్టేది దేనికి?” అని నన్ను నిలదీశారు.

నేను ఆ కంపెనీ ఉద్యోగిని కాను, వాటాదారును అంతకంటే కాను. అయినా నిర్దోషులను వెనకేసుకురావడం పౌరధర్మం కాబట్టి, వాన చేసిన నేరాన్ని కంపెనీ మీద మోపడం తగదని ఆయనకు వివరించాను. మన డిష్ అందుకునే కేయూ బ్యాండు తరంగం పొడవు దాదాపు రెండున్నర సెంటీమీటర్లు మాత్రమే. అంత పొట్టి తరంగాన్ని జోరువాన చినుకులు కొంత మింగి కొంత చెదరగొడతాయి. ఈ సంగతి కంపెనీకి ముందే తెలుసు. తెలియడమే కాదు, రాసి కూడా పెట్టుకుంది. ముందే రాసిపెట్టుకున్న కష్టానికి ఎవరూ బాధ్యులు కారన్న సూత్రం మీదనే ఈ వ్యాపారమంతా నడుస్తున్నది.

అమెరికాలో స్టాక్ ఎక్స్‌ఛేంజిలో నమోదైన కంపెనీలు తమకు రాగల ముప్పులన్నిటినీ వార్షిక నివేదికలో ఒక ప్రత్యేక అధ్యాయంగా చెప్పుకోవాలని 2005 డిసెంబరు నుంచి నిబంధన ఉంది. మన దేశంలో కూడా జనానికి వాటాలు అమ్మబోయే కంపెనీ అటువంటి అధ్యాయమే రాయాలి. ఉపగ్రహ టీవీ కంపెనీ రాసే ఈ అధ్యాయాన్ని చదివితే మన ఉగాది పంచాంగ శ్రవణం గుర్తుకు రాక తప్పదు. రాకెట్టు పేలవచ్చు, పేలకపోయినా తప్పుడు కక్ష్యలో వదలవచ్చు, సరైన కక్ష్యలో వదిలినా సౌర ఫలకాల రెక్కలు విచ్చుకోకపోవచ్చు, విచ్చుకున్నా కరెంటు రాకపోవచ్చు, అన్నీ కుదిరినా సౌర తుపాను రావచ్చు, అది రాకపోయినా చందాదారు వెళ్ళిపోవచ్చు. కందాయ ఫలాల్లో బేసి అంకె వస్తే ధనలాభమనీ, సరి అంకె వస్తే సమఫలమనీ, సున్న వస్తే శూన్యమనీ మన సిద్ధాంతులు చెబుతారు. కంపెనీ సిద్ధాంతులు మాత్రం ప్రతి నక్షత్రానికీ మూడు సున్నలు వేసి, కింద ‘ఇవన్నీ మా నియంత్రణలో లేని పరిస్థితులు’ అని సంతకం పెడతారు. ఇంత నిజాయితీపరులైన జ్యోతిష్కులు రాయలసీమ అంతటా వెతికినా దొరకరు.

ఈ భయాలు ఉత్తవని ఎవరైనా అనుకుంటే అది అజ్ఞానం. ఉపగ్రహం భూమధ్యరేఖకు పైన 35,786 కిలోమీటర్ల ఎత్తున ఉంటుంది. మా వీధి కేబులాయన నిచ్చెన భుజాన వేసుకొని వచ్చి, స్తంభమెక్కి, తెగిన తీగను పంటితో ఒలిచి అతికించి దిగిపోతాడు. అంత ఎత్తుకు వేయగల నిచ్చెన ఏ కంపెనీ దగ్గరా లేదు. ఒకసారి పంపితే పంపినట్టే. బోరు వేయించిన ప్రతి అనంతపురం రైతుకూ ఈ వ్యాపారం తెలిసినదే. పాయింటు చూపించుకొని, బోరు బండిని పిలిపించి, టెంకాయ కొట్టి, ఆరువందల అడుగుల దాకా దింపి, చివరికి తెల్లటి దుమ్ము పైకి లేచినప్పుడు ఆ గట్టు మీద కూర్చున్న మనిషి ముఖం ఎలా ఉంటుందో, 2006 జూలై 10 సాయంత్రం శ్రీహరికోటలో శాస్త్రవేత్తల ముఖాలు అలాగే ఉండి ఉంటాయి. ఆనాటి జీఎస్ఎల్వీ రాకెట్టుకు పక్కన కట్టిన నాలుగు ద్రవ ఇంధన ఇంజన్లలో ఒకటి పైకి లేస్తూనే మొండికేసింది. ఇంటింటి డిష్ టీవీ కోసమే 12 కేయూ బ్యాండు ట్రాన్స్‌పాండర్లతో, అంటే ప్రసారాన్ని అందుకొని తిరిగి భూమికి పంపే పరికరాలతో, తయారైన ఇన్‌శాట్-4సీ ఉపగ్రహం, ఒక్క సీరియల్ అయినా ప్రసారం చేయకుండానే బంగాళాఖాతంలో కలిసిపోయింది. దాని బదులుగా మరొకటి చేసి పంపడానికి 2007 సెప్టెంబరు దాకా పట్టింది. రైతు అయితే పక్క చేనులో మరుసటి వారమే ఇంకో బోరు వేసి, ఇంకో అప్పులో దిగేవాడు.

పైకి చేరిన ఉపగ్రహానికైనా ఆయుర్దాయం రాసినంతేనన్న నమ్మకం లేదు. దాదాపు పదిహేనేళ్ళు బతకాలని పంపుతారు గానీ, తన చోటు నుంచి జరగకుండా నిలబడడానికి అది కొద్దికొద్దిగా ఖర్చు పెట్టే ఇంధనమే దాని ప్రాణం. 1982 ఏప్రిల్‌లో వెళ్ళిన ఇన్‌శాట్-1ఏ ఆ ఇంధనాన్ని సెప్టెంబరుకే పూర్తి చేసుకుంది. 1997 జూన్‌లో వెళ్ళిన ఇన్‌శాట్-2డీ నాలుగు నెలలకే కరెంటు పోయి చచ్చుబడింది. అప్పుడు మన ప్రభుత్వం చేసిన పని నాకు ఎప్పుడు తలచుకున్నా ముచ్చటేస్తుంది. అప్పటికే ఐదేళ్ళుగా అంతరిక్షంలో తిరుగుతున్న అరబ్‌శాట్-1సీ అనే ఉపగ్రహాన్ని, ఉన్నది ఉన్నచోటే కొని, ఇన్‌శాట్-2డీటీ అని పేరు మార్చింది. పశువుల సంతలో ఎద్దును కొనేవాడు పళ్ళు లెక్కపెట్టి, తోక పట్టి చూసి, నాలుగడుగులు నడిపించి మరీ బేరమాడతాడు. ఇక్కడ ఎద్దు ఆకాశంలోనే ఉంది, పలుపు మాత్రమే చేతులు మారింది.

2010 జూలై 7న ఇన్‌శాట్-4బీకి వచ్చింది వేరే రకం జబ్బు. ఒక సౌర ఫలకం నుంచి కరెంటు అందక, దాని ట్రాన్స్‌పాండర్లలో సగాన్ని ఆపేయాల్సి వచ్చింది. దాని మీద ఆధారపడిన ఒక చందా టీవీ సంస్థ తన చానళ్ళను మలేషియా వారి ఉపగ్రహం మీదికి మార్చుకుంది. మార్చుకోవడం అంటే కాగితం మీద ఒక ఒప్పందం అనుకుంటారు అమాయకులు. 93.5 డిగ్రీల తూర్పు రేఖాంశం వైపు చూస్తున్న డిష్‌ను 91.5 డిగ్రీల వైపు తిప్పాలి. తిప్పవలసినది ఒక డిష్ కాదు, ఊరూరా ఇంటింటి మిద్దె మీద తుప్పు పట్టిన బోల్టులతో నిలబడిన ప్రతి డిష్‌నూ. అలా తిప్పడం ఎలా ఉంటుందో చూసినవాడిగా చెబుతున్నాను. మెకానిక్కు మిద్దె మీద స్పానరుతో బోల్టు వదులు చేసి, డిష్‌ను వెంట్రుకవాసి జరిపి, “వచ్చిండాదా?” అని అరుస్తాడు. మెట్ల మీద నిలబడిన పిల్లవాడు అదే మాట లోపలికి అందిస్తాడు. లోపల టీవీ ముందు కూర్చున్న అవ్వ, “బొమ్మ రాలే, గీతలొస్తాండాయి” అని తీర్పు చెబుతుంది. ఆ తీర్పు మెట్ల మీదుగా పైకెక్కేసరికి మెకానిక్కు ఇంకో వెంట్రుకవాసి దాటిపోయి ఉంటాడు. కోట్ల రూపాయల అంతరిక్ష వ్యాపారం ఆఖరి పది అడుగులూ ఒక అవ్వ కంటిచూపు మీద ఆధారపడి ఉన్నదన్న ముప్పు మాత్రం నేను చదివిన ఏ నివేదికలోనూ కనిపించలేదు.

ఇక బీమా. వేరుశనగ వేసినవాళ్ళు ఈ భాగాన్ని కాస్త నెమ్మదిగా చదవాలని మనవి. ఉపగ్రహానికి బీమా దొరుకుతుంది; అయితే రాకెట్టు ఎగిరే రోజుకూ, ఆ తర్వాతి కొద్దికాలానికీ కట్టే ప్రీమియమే చాలా ఎక్కువ కావడం వల్ల, పైకి చేరిన తర్వాత బీమా మానేసి దేవుడి మీద భారం వేసే కంపెనీలు ఎన్నో ఉన్నాయి. 2024 అక్టోబరులో ఇంటెల్‌శాట్-33ఈ కక్ష్యలోనే ముక్కలైనప్పుడు దానికి బీమా లేదు. బీమా కట్టినవారికైనా, ఒకసారి బయటపడిన లోపానికి మరుసటి ఏడాది నుంచి వర్తించదని మెలిక పెడతారు. అన్నిటికంటే ముఖ్యమైన మెలిక ఇంకొకటి ఉంది: పాలసీ ఇచ్చేది మహా అయితే పోయిన ఉపగ్రహం ఖరీదు, విసిగిపోయి వెళ్ళిపోయిన చందాదారుల ఖరీదు కాదు. 1998లో అమెరికాలో ఒక చందా టీవీ సంస్థ పంపిన ఎకోస్టార్-4కు సౌర ఫలకాలు పూర్తిగా విచ్చుకోలేదు. ఉపగ్రహం మొత్తంగా నష్టపోయినట్టేనని కంపెనీ, కాదు కొంతే నష్టమని బీమావాళ్ళు ఏళ్ళ తరబడి తగువులాడుకున్నారు.

ఈ తగువు మనకు కొత్తదా? చేనులో ఊడలు దిగక ఎండిపోయిన వేరుశనగ చెట్టును వేళ్ళతో సహా పీకి చేతిలో పట్టుకొని నిలబడిన రైతుకు, మండల కేంద్రంలోని వర్షమాపకంలో వాన బాగానే పడిందని చెప్పిన చరిత్ర మనది. నా అభిప్రాయంలో, ఉపగ్రహ కంపెనీల బీమా వ్యవహారాలకు సలహాదారులుగా ధర్మవరం, కళ్యాణదుర్గం వైపు నుంచి నలుగురు రైతులను నియమించుకోవడం అందరికీ లాభం. కొంత నష్టానికీ పూర్తి నష్టానికీ తేడా వాళ్ళకు తెలిసినంతగా లండన్ బీమా మార్కెట్టుకు తెలియదు.

తప్పుడు కక్ష్యలో చిక్కుకోవడం, అదుపు తప్పి తిరగడం వంటివి చిన్న ముప్పులు కాబట్టి వాటిని త్వరగా ముగిస్తాను. 2008 మార్చిలో ప్రోటాన్ రాకెట్టు పై దశ రెండు నిమిషాలు ముందుగా ఆరిపోవడంతో, అమెరికా చందా టీవీ కోసం వెళ్ళిన ఏఎంసీ-14 ఉపగ్రహం సగం దారిలో మిగిలింది. పామిడిలో దిగవలసినవాడిని గార్లదిన్నెలో దించేసిన బస్సు లాంటిది. 2010లో గెలాక్సీ-15 అనే ఉపగ్రహం భూమి నుంచి వచ్చే ఆజ్ఞలు వినడం మానేసి, ప్రసారాలు మాత్రం ఆపకుండా, ఏప్రిల్ నుంచి డిసెంబరు దాకా ఆంబోతు లాగా ఇతరుల పొలాల గుండా నడిచింది.

సూర్యుడి సంగతి వేరు. అనంతపురం మనుషులకు సూర్యుడి వల్ల వచ్చే కష్టాలు ఒకరు చెప్పవలసిన అవసరం లేదు గానీ, మార్చిలోనూ సెప్టెంబరు ఆఖరు, అక్టోబరు మొదట్లోనూ ఆయన ఉపగ్రహానికి సరిగ్గా వెనక వచ్చి నిలబడి, కొన్ని రోజుల పాటు రోజూ కొన్ని నిమిషాలు మన డిష్ కళ్ళు బైర్లు కమ్మేలా చేస్తాడు. పగలూ రాత్రీ సమానమయ్యే ఆ విషువత్తుల కాలంలోనే రాత్రిపూట భూమి నీడలో పడి, గరిష్ఠంగా 72 నిమిషాల దాకా, ఉపగ్రహం బ్యాటరీల మీద బతుకుతుంది. గ్రహణ సమయంలో దర్భ వేయనక్కరలేని ఏకైక వ్యాపారమని దీన్ని అనుకోరాదు.

ఇన్ని కష్టాల మధ్య ఆ వ్యవస్థలో ఎన్నడూ విఫలం కాని భాగం ఒకటుందని గమనించి నేను ఆశ్చర్యపోయాను. అది రీఛార్జి గడువు. చందా తీరిన రోజు అర్ధరాత్రి దాటగానే బొమ్మ ఆగిపోతుంది. వాన లేదు, సూర్యుడు లేడు, సౌర తుపాను లేదు. నిజానికి సిగ్నల్ అప్పుడు కూడా ఆకాశం నుంచి మన మిద్దె మీద పడుతూనే ఉంటుంది. కట్టినవాడి డిష్ మీదా కట్టనివాడి డిష్ మీదా సమానంగా పడుతుంది. తాళం వేసేది డబ్బాలోని కార్డు. ముప్పైఆరు వేల కిలోమీటర్ల దారిలో ఎక్కడైనా ఏదైనా జరగవచ్చని పేజీలకు పేజీలు భయపడిన సంస్థకు, ఈ ఒక్క పని మీద మాత్రం భయం లేదు.

ఇన్‌స్పెక్టరు గారి వైపు ఉన్న ముప్పులను కూడా ఎవరైనా రాయాలి కదా అని నేను ఒక కాగితం తీసి మొదలుపెట్టాను. చందాదారుకు పింఛను ఆలస్యం కావచ్చు. చందాదారు మిద్దె మీదికి కోతులు రావచ్చు. చందాదారు ఎన్నో చానళ్ళకు చందా కట్టి, అందులో నాలుగే చూడవచ్చు. కాగితం నిండిన తర్వాత గాని, దీన్ని దాఖలు చేసుకునే కార్యాలయం ఏదీ లేదన్న సంగతి నాకు తట్టలేదు.

అసలైన ముప్పు మాత్రం ఆకాశంలో లేదని కంపెనీలకూ తెలుసు. ఈ దేశంలో డబ్బు కట్టి డీటీహెచ్, అంటే ఇంటి డిష్ టీవీ, చూసేవారు 2019 ప్రాంతంలో ఏడు కోట్లకు పైగా ఉండేవారు. 2025 నాటికి ఆ లెక్క ఆరు కోట్ల కిందికి దిగిందని టెలికాం నియంత్రణ సంస్థ ట్రాయ్ నివేదికలు చెబుతున్నాయి. కొందరు నెలవారీ చందా లేని దూరదర్శన్ ఫ్రీ డిష్‌కు వెళ్ళారు, చాలామంది ఫోన్లలో మునిగారు, మన రాష్ట్రంలో కొన్ని ఇళ్ళకు స్తంభాల మీదుగా ఫైబరు వచ్చింది. అయినా 2022 జూన్‌లో ఎగిరిన జీశాట్-24 ఉపగ్రహంలోని 24 ట్రాన్స్‌పాండర్లనూ ఒకే డీటీహెచ్ సంస్థ అద్దెకు తీసుకుంది. పదిహేనేళ్ళు బతికే ఉపగ్రహాన్ని, పదిహేను సెకన్ల వీడియోకే విసిగి వేలితో పైకి తోసేసే మనవళ్ళను నమ్ముకొని నడపడం ఎంతటి సాహసమో, నాలుగెకరాల మెట్టలో ఆశ్లేష కార్తెలో విత్తనం వేసినవారికి వేరే చెప్పాలా?

మా ఇన్‌స్పెక్టరు గారి మనవడు బెంగళూరు నుంచి దసరాకు వచ్చి, తాత టీవీకి నెట్టు పెట్టించి వెళ్ళాడు. పనిలేకుండా పోయిన డిష్‌ను ఆయన కడ్డీ నుంచి ఊడదీసి, బోల్టులు వదిలిన నాలుగు చిల్లులకూ ఎం-సీల్ పూసి, రెండు రోజులు ఆరనిచ్చి, పిచ్చుకలకు నీళ్ళు పోసే పళ్ళెం చేశారు. నిన్న ఉదయం ఆయన చెంబుతో అందులో నీళ్ళు పోస్తుండగా ఫోను మోగింది. సర్వీసు ఎందుకు ఆపేశారో తెలుసుకోగోరుతూ కంపెనీ తరపున ఒక అమ్మాయి చాలా మర్యాదగా అడుగుతున్నది. ఆయన ఫోనును అరచేత్తో మూసి, పిట్టగోడ మీదుగా నా వైపు వంగి, “ఆ పుస్తకంలో మాట ఏందప్పా?” అని గుసగుసగా అడిగారు. నేను చెప్పాను. ఆయన గొంతు సవరించుకొని, ముప్పైనాలుగేళ్ళు తాలూకాఫీసులో నోట్‌ఫైళ్ళు రాసిన తెలుగులో, ఒక్కొక్క మాట విడివిడిగా పలికారు: “మా నియంత్రణలో లేని పరిస్థితుల వల్లనమ్మా.”