ముత్తమ్మ గారు సంతకం పెట్టిన కాగితం

కిందటి నెల మా స్నేహితుల ఇంట్లో భోజనాల దగ్గర వాళ్లమ్మాయి ఫారిన్ సర్వీస్‌కి, అంటే దేశం తరఫున విదేశాల్లో పనిచేసే దౌత్య ఉద్యోగానికి వెళ్తానంది. అందరం సంతోషించాం. అంతలోనే వాళ్ల పెద్దమ్మ, "మూడేళ్లకో దేశమంటే, రేపు పెళ్లయ్యాక అతని ఉద్యోగం సంగతేంటమ్మా?" అంది. ఆవిడ మంచికే అడిగింది. కానీ ఆ పిల్ల చేతిలో ముద్ద అలాగే ఆగిపోయింది. పక్కనే వాళ్లన్నయ్య ఉన్నాడు. ప్రాజెక్టు మారినప్పుడల్లా ఊరు మారుతుంటాడు. అతన్ని ఈ ప్రశ్న ఎవరూ అడగలేదు.

ఆ రాత్రి నాకు సి.బి. ముత్తమ్మ గారు గుర్తొచ్చారు. కొడగు బిడ్డ. 1949లో ఇండియన్ ఫారిన్ సర్వీస్‌లో చేరిన తొలి మహిళ. ఈ సర్వీస్ మీకొద్దని, ఉద్యోగులను ఎంపిక చేసే యూపీఎస్సీ చైర్మన్ మొదట్లోనే నచ్చజెప్పబోయారనీ, ఇంటర్వ్యూలో కావాలనే తక్కువ మార్కులు వేయించానని తర్వాత ఆయనే తనతో అన్నారనీ ఆవిడ సుప్రీంకోర్టుకు రాసిచ్చారు. చేరేటప్పుడు ఒక హామీపత్రం కూడా తీసుకున్నారు: పెళ్లి చేసుకుంటే రాజీనామా చేస్తానని. 1961 నాటి రూల్స్ ప్రకారం మహిళా అధికారి పెళ్లికి ముందే ప్రభుత్వం దగ్గర రాతపూర్వకంగా అనుమతి తీసుకోవాలి. సంసారం పనికి అడ్డొస్తోందని ప్రభుత్వం అనుకుంటే, పెళ్లయ్యాక రాజీనామా చేయమనొచ్చు. మగ అధికారులకు ఆ బెడద లేదు. బ్రిటన్ కూడా దౌత్య సర్వీసులో పెళ్లయిన ఆడవాళ్ల మీద నిషేధాన్ని 1973 దాకా ఎత్తేయలేదు.

హంగరీకి రాయబారిగా పనిచేసిన మనిషిని ప్రమోషన్ దగ్గర పక్కన పెట్టారు. ఆవిడ సుప్రీంకోర్టుకెక్కారు. విచారణ నాటికి ప్రభుత్వం ప్రమోషన్ ఇచ్చేసింది. 1979లో జస్టిస్ వి.ఆర్. కృష్ణయ్యర్ పిటిషన్ కొట్టేశారు గానీ సమస్యను కొట్టేయడం లేదని రాశారు. సంసారం పనికి అడ్డమైతే మగవాడికి మాత్రం కాదా అని నిలదీశారు. పెళ్లి అనుమతి రూలు పోయింది.

రూలు పోయినా ప్రశ్న మన ఇళ్లలోనే ఉండిపోయింది. దౌత్యవేత్త అనగానే మనకు జెండా కారు, విందులు కనిపిస్తాయి. పిల్లల స్కూళ్లు మారడం, జీవిత భాగస్వామి ఉద్యోగం ఆగిపోవడం, తల్లిదండ్రులకు బాగోలేదని అర్ధరాత్రి వచ్చే ఫోను కనిపించవు. భర్త వీసాను బట్టి వచ్చే డిపెండెంట్ వీసా మీద ఏళ్లకేళ్లు ఇంట్లో కూర్చున్న ఆడవాళ్లు మనలో ఎంతమంది! డిగ్రీలు అటకెక్కించి వచ్చారు. భర్త వెంట భార్య రావడం మనకెప్పుడూ టెన్షన్ కాలేదు. భార్య వెంట భర్త వెళ్లాల్సి వస్తేనే అది సమస్య అయిపోతుంది. ఇది అన్యాయమని నేను గట్టిగా నమ్ముతున్నాను. అడిగితే ఇద్దరినీ అడగాలి.

మన సంఘం యువత కోసం పెట్టే కెరీర్ సభల్లో సాఫ్ట్‌వేర్, మెడిసిన్ తప్ప మరో మాట వినబడదు. ఈసారి ఒక మహిళా దౌత్యవేత్తను పిలుద్దాం. ఆవిడతో పాటు ఆవిడ భర్తనూ వేదికెక్కించి, ఆయన ఉద్యోగం ఎలా సర్దుకున్నారో, ఇంటిపని ఎలా పంచుకున్నారో చెప్పమని అడుగుదాం. ఆ అమ్మాయినీ వాళ్ల పెద్దమ్మనూ తీసుకొచ్చి ముందు వరసలో కూర్చోబెట్టే పూచీ నాది.