బొమ్మ మొహం మీదే అంటించాలా?

మా ఫ్లైఓవర్ పిల్లర్ మీద గంగిరెద్దు బొమ్మ వేశారు. మండే ఎండలో నిచ్చెన మీద నిలబడి నాలుగు రోజులు కష్టపడ్డారు ఆ కుర్రాళ్ళు. వారం తిరక్కుండానే ఎద్దు మొహానికి మైదా పూసి ట్యూషన్ పోస్టర్ అంటించేశారు. పక్కనే ఎవరిదో పుట్టినరోజు పోస్టర్. కింద కిళ్ళీ ఉమ్ములు. చూడగానే కడుపు రగిలిపోయింది.

అవతల అంత ఖాళీ గోడ ఉంది కదా! బొమ్మ దగ్గర జనం ఆగుతారని అక్కడే అంటిస్తారు.

2016లో వీధి బొమ్మల సంస్థ స్టార్ట్ ఇండియా ఫౌండేషన్ హైదరాబాద్ మక్తా బస్తీలో ఇళ్ళ గోడల మీద బొమ్మలు వేయించింది. చిత్రకారులు స్వాతి, విజయ్ దంపతులూ అక్కడ వేశారు. గ్యాలరీ గుమ్మం ఎక్కడానికి మొహమాటపడే మనిషి కూడా కూరగాయల సంచీతో నిలబడి చూడగలిగే బొమ్మలవి. వీధి బొమ్మకి అద్దం ఉండదు, కాపలా ఉండదు. ఎండకీ వానకీ వెలిసిపోతే బాధ లేదు, అది వేసినవాళ్ళకీ తెలుసు. కానీ మైదా ఎండాక పోస్టర్ పీకితే రంగు కూడా పెచ్చులుగా ఊడొస్తుంది.

నిన్న ఆగలేక ఒక మూల మెల్లగా లాగాను. ఎద్దు కన్ను పోస్టర్‌తో పాటే వచ్చేసింది.