డాలీ మెసెంజర్ ద్రోహి కాదు, కూలి అడిగిన ఆటగాడు

1907 ఆగస్టులో ఆస్ట్రేలియా రగ్బీ ఆటగాడు డాలీ మెసెంజర్, ఆటగాళ్లకు డబ్బివ్వని రగ్బీ యూనియన్‌ను వదిలి సిడ్నీలో అప్పుడే పుట్టిన ప్రొఫెషనల్ రగ్బీ లీగ్‌లో చేరాడు. యూనియన్ పెద్దలు అతన్ని ద్రోహి అని వెలేశారు. అంతటితో కడుపు మంట చల్లారక రికార్డుల్లోంచి అతని ఆటే కొట్టేశారు. ఆ రికార్డులు తిరిగి ఎక్కింది 2007లో, నూరేళ్లకు. దీన్ని ఇప్పటికీ ‘సిద్ధాంత విభేదం’ అని రాస్తుంటారు. సిద్ధాంతమూ లేదు, ఏమీ లేదు. అది పచ్చి కక్ష.

ఆ ఏడాది జులైలో న్యూజిలాండ్‌తో న్యూ సౌత్ వేల్స్ మ్యాచ్ చూడ్డానికి సిడ్నీ క్రికెట్ గ్రౌండ్‌కు 52 వేల మంది వచ్చారు. గేటు డబ్బంతా యూనియన్ ఖాతాకే పోయింది. అదే సంవత్సరం అలెక్స్ బర్డన్ అనే ఆటగాడికి చేతికి దెబ్బ తగిలింది. అతను బార్బర్. చెయ్యి ఆడితేనే ఇంట్లో పొయ్యి వెలుగుతుంది. పనికి పోలేని ఆ రోజులకు యూనియన్ పైసా ఇవ్వలేదు. 1895లో ఇంగ్లండ్‌లోని హడర్స్‌ఫీల్డ్‌లో ఉత్తరాది క్లబ్బులు యూనియన్ నుంచి విడిపోయిందీ ఇందుకే: మిల్లు కార్మికుడు, గని కార్మికుడు ఆట కోసం పని మానుకుంటే ఆ కూలి ఎవరిస్తారు?

మెసెంజర్‌దీ పనిచేసుకునే ఇల్లే. తండ్రి డబుల్ బేలో పడవలు తయారుచేసేవాడు. కొత్త లీగ్ తరఫున జేమ్స్ గిల్టినన్, పెద్ద క్రికెటర్ విక్టర్ ట్రంపర్ అతన్ని అడగడానికి వెళ్తే, అమ్మ ఒప్పుకుంటేనే అన్నాడు. వాళ్లు వెళ్లి ఆనీ మెసెంజర్‌తో మాట్లాడారు, ఆమె సరేనంది. సిడ్నీలో జనం కేవలం అతని కోసమే మైదానానికి వచ్చే రోజులవి. ఆగస్టు 17న న్యూజిలాండ్ ప్రొఫెషనల్స్‌తో తొలి మ్యాచ్‌కు దాదాపు 20 వేల మంది వచ్చారు. మెసెంజర్ జట్టు 12-8తో ఓడిపోయింది, కానీ లీగ్ నిలబడింది. ట్రంపర్ ఇందులో ఎందుకు తలదూర్చాడన్నది చరిత్రకారులు పట్టించుకోవాల్సిన సంగతి. 1912లో క్రికెట్ బోర్డుతో తగవుపడి ఇంగ్లండ్ టూర్‌కు వెళ్లని ఆరుగురిలో అతనూ ఒకడు. ఆటగాడి కష్టాన్ని ఎవరు అమ్ముకుంటున్నారో అతనికి బాగా తెలుసు.

డబ్బు వస్తే ఆట చెడుతుందనే వాదన ఉంది. లీగ్ పెట్టినవాళ్లూ వ్యాపారులే, 1908-09 ఇంగ్లండ్ టూర్‌లో నష్టపోయారు అనీ అంటారు. నిజమే. అయితే డబ్బు ఆటలోకి మెసెంజర్‌తో రాలేదు, టికెట్ కౌంటర్ పెట్టిన రోజే వచ్చింది. దాన్ని పంచుకోమని అడిగితేనే అపచారమైంది. అదే యూనియన్ 1995లో తానే ప్రొఫెషనల్ అయిపోయింది. మెసెంజర్ చేసింది నేరమైతే, మరి దీన్నేమనాలి?

‘అమెచ్యూర్’ నియమం, అంటే డబ్బు తీసుకోకుండా ఆడాలనే నియమం, ఎక్కడ చూసినా పనిచేసిన తీరు ఇదే. స్టాక్‌హోమ్ ఒలింపిక్స్‌లో రెండు స్వర్ణాలు గెలిచిన అమెరికా అథ్లెట్ జిమ్ థోర్ప్, అంతకుముందు బేస్‌బాల్ ఆడి చిన్న మొత్తం తీసుకున్నాడని 1913లో పతకాలు లాక్కున్నారు. ఏకైక విజేతగా మళ్లీ గుర్తించింది 2022లో. అమెరికాలో కాలేజీ ఫుట్‌బాల్ ఇంకా ఘోరం. స్టేడియంలు నిండాయి, టీవీ హక్కులు అమ్ముడుపోయాయి, కోచ్‌లకు కోట్లు దక్కాయి. మోకాలు విరగ్గొట్టుకునే కుర్రాడికి మాత్రం స్కాలర్‌షిప్ చాలన్నారు. కోర్టులో ఒప్పందం కుదిరాక, 2025 జులై నుంచి గానీ యూనివర్సిటీలు నేరుగా డబ్బివ్వడం మొదలుకాలేదు. దానికీ పరిమితి పెట్టారు, తొలి ఏడాదికి ఒక్కో యూనివర్సిటీకి సుమారు 2.05 కోట్ల డాలర్లు. కోచ్ జీతానికి అలాంటి పరిమితి లేదు.

మెసెంజర్ 1911లో అన్ని మ్యాచ్‌లూ కలిపి 270 పాయింట్లు చేశాడు, ఈస్టర్న్ సబర్బ్స్ క్లబ్బుకు వరుసగా మూడు టైటిళ్లు అందించి 1913లో ఆట ముగించాడు, 1959లో చనిపోయాడు. 1980 నుంచి ఆ లీగ్‌లో ఉత్తమ ఆటగాడికి ఇచ్చే మెడల్ అతని పేరు మీదే ఉంది. యూనియన్ రికార్డులు సరిదిద్దేనాటికి అతను పోయి దాదాపు యాభై ఏళ్లు.